ఆడియోగ్రామ్ చెప్పే సంగతులు

వినికిడి పరీక్ష చేయించుకుని వచ్చిన మనిషిని ఇంట్లోవాళ్లు మొదట అడిగేది ‘ఎంత శాతం వినిపిస్తోందట?’ అనే అయినా, పరీక్ష గదిలో మొదట కొలిచేది శాతం కాదు. ఒక్కొక్క చెవికి, ఒక్కొక్క స్థాయి ధ్వని దగ్గర, ఎంత చిన్న శబ్దం వరకు వినిపిస్తుందన్నది అక్కడ కొలుస్తారు. ఫలితం అంకెగా కాక గీతగా వస్తుంది, ఆ గీత ఎక్కడ నిలకడగా సాగి ఎక్కడ కిందికి జారిందన్న దాన్ని బట్టి ఆ మనిషికి ఏ మాటలు అందుతాయో, ఏవి అందవో తెలుస్తుంది. రక్తపరీక్ష కాగితంలో చక్కెర విలువను సొంతంగా చదువుకునే ఇళ్లలో కూడా ఆడియోగ్రామ్ అనే ఈ కాగితం ఫైలు దాటి బయటికి రాకపోవడానికి కారణం అది కఠినమైనది కావడం కాదు, దాన్ని విడమరచి చెప్పే తీరిక ఆసుపత్రిలో ఎవరికీ లేకపోవడం. ఆ పని ఈ అధ్యాయం చేస్తుంది.

శబ్దాన్ని రెండు రకాలుగా కొలుస్తారు. సెకనుకు ఎన్ని కంపనాలో చెప్పేది పౌనఃపున్యం, దాని ప్రమాణం హెర్ట్జ్. మృదంగం ఎడమ వైపు పలికే ధ్వని తక్కువ పౌనఃపున్యానిది, కీచురాయి అరుపు ఎక్కువ పౌనఃపున్యానిది. ఆరోగ్యంగా ఉన్న పిల్లల చెవి 20 నుంచి 20,000 హెర్ట్జ్ వరకు వినగలుగుతుంది, వయసు పెరిగేకొద్దీ పై హద్దు తగ్గుతూ వస్తుంది. అయితే మనుషుల మాటకు కావలసినదంతా దాదాపుగా 250 నుంచి 8,000 హెర్ట్జ్ లోపలే ఉంటుంది కనుక మామూలు పరీక్ష ఆ మేరకే పరిమితమవుతుంది. రెండో కొలత తీవ్రత, దాని ప్రమాణం డెసిబెల్. టెలిఫోన్ కనిపెట్టిన అలెగ్జాండర్ గ్రాహమ్ బెల్ పేరు మీద ఏర్పడిన ‘బెల్’లో ఇది పదో వంతు, ఆయన తల్లికీ భార్యకీ చెవుడు ఉండడం, ఆయన బధిరులకు పాఠాలు చెప్పి జీవించడం వల్ల ఈ పేరు చాలా సముచితంగా కుదిరింది. డెసిబెల్ కూడికలతో కాక గుణకారాలతో పెరిగే కొలత: 10 డెసిబెల్‌లు పెరిగితే శబ్దశక్తి 10 రెట్లు, 20 పెరిగితే 100 రెట్లు, 30 పెరిగితే 1,000 రెట్లు అవుతుంది. అందువల్ల 50 డెసిబెల్‌ల లోపం అంటే సగం వినికిడి పోయిందని లెక్క వేసుకోవడం పొరపాటు.

ఈ కొలబద్దలో సున్న దగ్గర కూడా చాలామంది తడబడతారు. సున్న డెసిబెల్ అంటే నిశ్శబ్దం కాదు. చెవి జబ్బులేవీ లేని యువతీయువకులను ఎందరినో పరీక్షించి, వాళ్లకు ఒక్కొక్క పౌనఃపున్యం దగ్గర సగటున వినిపించిన అతి చిన్న శబ్దాన్ని సున్నగా నిర్ణయించారు. మనిషి చెవి అన్ని పౌనఃపున్యాలనూ సమానంగా పట్టించుకోదు. 250 హెర్ట్జ్ ధ్వని వినిపించాలంటే 1,000 హెర్ట్జ్ ధ్వనికంటే గాలిలో ఎక్కువ పీడనం కావాలి, ఆ తేడా అంతా యంత్రంలోనే సర్దుబాటై ఉంటుంది. సున్న సగటు మాత్రమే కాబట్టి అంతకంటే చురుకైన చెవులూ ఉంటాయి, ఊళ్లో పాముచెవులవాడని పేరుపడ్డ మనిషికి ఆడియోగ్రామ్ మైనస్ 5 దగ్గరో మైనస్ 10 దగ్గరో రావచ్చు. విద్యుత్తుతో ధ్వనులు పుట్టించి ఈ పనిని క్రమబద్ధం చేసిన తొలి యంత్రాలలో ఒకటి 1922 ప్రాంతంలో అమెరికాలోని వెస్ట్రన్ ఎలక్ట్రిక్ సంస్థ తయారుచేసిన 1-ఏ ఆడియోమీటర్, దాని వెనక ఉన్న శాస్త్రజ్ఞులలో హార్వే ఫ్లెచర్ ముఖ్యుడు.

పరీక్ష జరిగే పద్ధతి ముందే తెలిసి ఉంటే ఫలితం నమ్మదగినదిగా వస్తుంది. శబ్దం చొరబడని గదిలో హెడ్‌ఫోన్ పెట్టి, చేతికి ఒక బటన్ ఇచ్చి, వినిపించినప్పుడల్లా నొక్కమంటారు. బాగా వినిపించే చెవితో, 1,000 హెర్ట్జ్ దగ్గర, తేలికగా వినిపించే తీవ్రతతో మొదలుపెట్టి, నొక్కినప్పుడల్లా 10 డెసిబెల్‌లు తగ్గిస్తారు, నొక్కకపోతే 5 డెసిబెల్‌లు పెంచుతారు. ఇలా దిగుతూ ఎక్కుతూ, పెంచుకుంటూ వచ్చిన సందర్భాలలో కనీసం సగం సార్లు వినిపించిన అతి చిన్న తీవ్రతను గుర్తిస్తారు. దాన్నే ఆ పౌనఃపున్యం దగ్గర ఆ చెవి కనిష్ఠ శ్రవణ స్థాయి అంటారు. రేమండ్ కార్హార్ట్, జేమ్స్ జెర్గర్ అనే అమెరికన్ శాస్త్రజ్ఞులు 1959లో స్థిరపరచిన ఈ పద్ధతే నేటికీ అన్నిచోట్లా ప్రామాణికం. తర్వాత 2,000, 4,000, 8,000 హెర్ట్జ్‌లను చూసి, 1,000 దగ్గరకు మళ్లీ వచ్చి, 500, 250లకు దిగుతారు. 1,000 దగ్గర రెండుసార్లు పరీక్షించడం నిజాయితీకి పెట్టిన పరీక్ష: రెండు ఫలితాలకూ 5 డెసిబెల్‌ల కంటే ఎక్కువ తేడా ఉంటే వినేవారి శ్రద్ధనో, సూచనలు అర్థమైన తీరునో సరిచూడాలి.

ఈ పరీక్షలో గెలవాలన్న పట్టుదల చాలామందిని తప్పుదారి పట్టిస్తుంది. స్పష్టంగా వినిపిస్తేనే నొక్కాలనుకునేవారు అసలు కంటే ఎక్కువ లోపాన్ని, వినిపించిందేమోనన్న అనుమానానికల్లా నొక్కేవారు అసలు కంటే తక్కువ లోపాన్ని చూపించుకుంటారు. ఏదో ఉన్నట్టుగా లీలగా తోచినా నొక్కడం, ఏమీ తోచనప్పుడు ఊరుకోవడం సరైన పద్ధతి. పరీక్షకు ముందు ఈఎన్‌టీ డాక్టరు చేత చెవిలో గులిమి ఉందేమో చూపించుకోవాలి, ఎందుకంటే చెవిగొట్టం పూర్తిగా మూసుకుపోయేంత గులిమి ఉంటే దానివల్లే చెప్పుకోదగ్గ లోపం కనిపిస్తుంది. ముందు రోజు రైస్‌మిల్లులో పనిచేసి ఉన్నా, పెళ్లి ఊరేగింపులో డీజే పెట్టెల పక్కన నడిచి ఉన్నా చెవి తాత్కాలికంగా మొద్దుబారి ఉంటుంది కాబట్టి కనీసం 14 గంటలు పెద్ద శబ్దాలకు దూరంగా ఉండి వెళ్లాలి. రోడ్డు పక్క దుకాణంలో, తెరిచి ఉంచిన తలుపు దగ్గర, ‘ఉచితం’ అన్న బోర్డు కింద చేసే పరీక్ష మీద పెద్దగా ఆశ పెట్టుకోకూడదు. బయటి రొద తక్కువ పౌనఃపున్యాల ధ్వనులను మింగేసి లేని చెవుడును పుట్టిస్తుంది, ఆ కాగితం ఆధారంగా చెవి మిషన్ కొంటే ఆ మిషన్ అక్కరలేని చోట హోరెత్తిస్తుంది. పరీక్ష చేసే ఆడియాలజిస్ట్‌కు భారత పునరావాస మండలి నమోదు ఉందా, యంత్రాన్ని ఈ ఏడాదిలో సరిచూపించారా అని అడగడం అమర్యాద కాదు.

ఆడియోగ్రామ్‌లో ఎడమ నుంచి కుడికి పౌనఃపున్యం పెరుగుతుంది, పై నుంచి కిందికి తీవ్రత పెరుగుతుంది, అంటే గీత ఎంత పైన ఉంటే వినికిడి అంత మంచిది. కుడి చెవికి ఎర్రరంగులో సున్న గుర్తు, ఎడమ చెవికి నీలిరంగులో ఇంటూ గుర్తు వేస్తారు. ఉదాహరణకు ఒక చెవిలో 500 హెర్ట్జ్ దగ్గర 20, 1,000 దగ్గర 25, 2,000 దగ్గర 45, 4,000 దగ్గర 65 డెసిబెల్‌లు వచ్చాయనుకుంటే, మొదటి మూడింటి సగటు 30, నాలుగింటి సగటు సుమారు 39. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో ప్రకటించిన వర్గీకరణలో 20 లోపు మామూలు వినికిడి, 20 నుంచి 35 లోపు స్వల్ప లోపం, 35 నుంచి 50 లోపు మధ్యస్థ లోపం, 50 నుంచి 65 లోపు మధ్యస్థం కంటే తీవ్రం, 65 నుంచి 80 లోపు తీవ్రం, 80 నుంచి 95 లోపు అతితీవ్రం, ఆపైన సంపూర్ణం. ఆ సంస్థ నాలుగు పౌనఃపున్యాల సగటును తీసుకుంటుంది కనుక ఈ చెవి మధ్యస్థ లోపంలోకి వస్తుంది, మూడింటి సగటుతోనే సరిపెట్టుకునే కేంద్రంలో ఇదే చెవికి ‘స్వల్పం’ అని రాస్తారు. పాత వర్గీకరణలు పాటించేచోట 25 వరకు మామూలే అంటారు కాబట్టి రెండు కేంద్రాల కాగితాలను పోల్చేటప్పుడు పేర్లను వదిలేసి అంకెలను పోల్చాలి. ఇక్కడ మరో చిక్కు ఉంది: ఎటూ వంపు లేకుండా అన్ని పౌనఃపున్యాల దగ్గరా 39 వచ్చిన చెవికీ సగటు ఇంతే వస్తుంది, కానీ ఆ ఇద్దరి కష్టాలూ ఒకటి కావు, చికిత్స కూడా తరచుగా ఒకటి కాదు.

ఉదాహరణలోని గీత, కుడివైపుకు పోయేకొద్దీ కిందికి జారే ఆ గీత, వయసు మీదపడ్డవారిలో అన్నిటికంటే ఎక్కువగా కనిపించేది. మాటలో అచ్చుల బలమంతా తక్కువ పౌనఃపున్యాలలో ఉంటుంది. ఒక హల్లును మరో హల్లు నుంచి వేరుచేసే సూక్ష్మమైన గుర్తులు, ముఖ్యంగా స, శ, చ, త, క, ప వంటి వాటివి, 2,000 హెర్ట్జ్‌కు పైన ఉంటాయి, పైగా చాలా బలహీనంగా ఉంటాయి. తెలుగు మాటలు ఎక్కువగా అచ్చుతో ముగుస్తాయి కాబట్టి ఇలాంటి చెవికి ఎవరో మాట్లాడుతున్నారని తెలుస్తుంది, గొంతు ఎవరిదో తెలుస్తుంది, వాక్యం నడక కూడా తెలుస్తుంది. పాలు అన్నారో, కాలు అన్నారో, తాలు అన్నారో మాత్రం తెలియదు, సారు అన్నదీ చారు అన్నదీ ఒకేలా తోస్తాయి. ఎదురుగా కూర్చుని, విషయం ముందే తెలిసి, మగగొంతుతో చెప్పిన మాట చక్కగా అందుతుంది. వంటింట్లోంచి కోడలు చెప్పినదీ, మనవరాలి సన్నని గొంతూ అందవు. ‘తనకు కావలసిన మాటలైతే బాగానే వినిపిస్తాయి’ అని ఇంట్లో ముసలివారి మీద వేసే నింద ఇందులోంచే పుడుతుంది, ఆ నింద ఎంత అన్యాయమో చూపించడానికి ఈ గీత ఒక్కటి చాలు. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టు అన్న సామెత కూడా ఈ చెవి విషయంలో నిలవదు: శంఖం ఇలాంటివారికి బాగానే వినిపిస్తుంది, వినిపించనిది మాట. వాళ్ల దగ్గర గట్టిగా అరిస్తే అచ్చులే పెద్దవవుతాయి తప్ప హల్లులు తేటపడవు. ముఖం కనిపించేలా నిలబడి కొంచెం నిదానంగా మాట్లాడడం అరుపుకంటే మేలు చేస్తుంది.

కారణం తెలియాలంటే లోపం చెవిలో ఎక్కడుందో తేల్చాలి. హెడ్‌ఫోన్ శబ్దం చెవిగొట్టం, కర్ణభేరి, మధ్య చెవిలోని కూటకం, దాగలి, అంకవన్నె అనే చిన్న ఎముకలు దాటుకుని లోపలి చెవిలోని కర్ణావర్తానికి చేరుతుంది. చెవి వెనక ఎముక మీద ఒక కంపన పరికరాన్ని అదిమితే ఆ దారి తప్పించి పుర్రె గుండా నేరుగా కర్ణావర్తానికి చేరుతుంది. ఎముక ద్వారా బాగా వినిపించి గాలి ద్వారా వినిపించకపోతే అడ్డంకి బయటి చెవిలోనో మధ్య చెవిలోనో ఉన్నట్టు, దీన్ని వాహక లోపం అంటారు, మందుతోనో శస్త్రచికిత్సతోనో బాగయ్యే అవకాశం దీనికి ఎక్కువ. రెండు దారులలోనూ సమానంగా తగ్గితే లోపం కర్ణావర్తంలోనో శ్రవణ నాడిలోనో ఉన్నట్టు, దీన్ని నాడీ సంబంధమైన లోపం అంటారు. ఆడియోమీటర్ పుట్టకముందు ఈ తేడాను శ్రుతిదండంతోనే కనిపెట్టేవారు; జర్మన్ వైద్యుడు హైన్రిక్ రిన్నే 1855లో వివరించిన పద్ధతిలో, మోగుతున్న దండాన్ని మొదట చెవి వెనక ఎముకకు ఆనించి, తర్వాత చెవి ముందు ఉంచి ఎక్కడ ఎక్కువగా వినిపిస్తుందో అడుగుతారు. నేటికీ ఈఎన్‌టీ డాక్టర్ల బల్ల మీద 512 హెర్ట్జ్ శ్రుతిదండం ఉంటుంది, అది ఉండవలసిందే.

ఒక చెవిని పరీక్షిస్తున్నప్పుడు రెండో చెవిలో జోరుమనే శబ్దం పెట్టడం చూసి కొందరు యంత్రం చెడిందనుకుంటారు. చెడ్డ చెవికి వినిపించిన పెద్ద శబ్దం పుర్రె గుండా మంచి చెవికి చేరి, వినని చెవి విన్నట్టుగా నమోదు కాకుండా మంచి చెవిని అలా పనిలో పెడతారు. చెవిగొట్టంలో గాలి పీడనాన్ని మార్చి కర్ణభేరి కదలికను చూసే టింపానోమెట్రీ అనే పరీక్షకు బటన్ కూడా నొక్కనక్కరలేదు. దాని గీత మధ్యలో శిఖరం లేకుండా చదునుగా వస్తే మధ్య చెవిలో నీరు చేరిందనో, కర్ణభేరికి రంధ్రం ఉందనో అనుమానించాలి. తరగతిలో పరధ్యానంగా ఉన్నాడని తిట్లు తింటున్న పిల్లవాడి చెవిలో అప్పుడప్పుడు కనిపించేది ఈ నీరే.

స్వరాలు వినడం వేరు, మాట గ్రహించడం వేరు. అందుకే రెండు అక్షరాల, మూడు అక్షరాల మాటలను చదివి తిరిగి చెప్పించే పరీక్ష ఉంటుంది. మాటల్లో సగం అందే తీవ్రతను మొదట కనుక్కుంటారు, అది స్వరాల సగటుకు 10 డెసిబెల్‌ల లోపల ఉండాలి, లేకపోతే రెండింటిలో ఏదో ఒకటి తప్పు. తర్వాత సౌకర్యంగా వినిపించే తీవ్రత దగ్గర ఎన్ని మాటలు సరిగా చెప్పగలిగారో శాతంలో రాస్తారు. ఇంటివాళ్లు అడిగే శాతానికి కాస్త దగ్గరగా వచ్చేది ఇదే, అయితే ఇది చెప్పేది స్పష్టతను గురించి మాత్రమే. స్వరాల గీత ఓ మాదిరిగా ఉండి ఈ శాతం మరీ తక్కువగా ఉంటే, అందునా ఒక్క చెవిలోనే అలా ఉంటే, నాడిని చూడడానికి ఎంఆర్‌ఐ అవసరం కావచ్చు. ఈ పరీక్షకు తెలుగు మాటల జాబితానే వాడమని అడగాలి. పిల్లల దగ్గరకు అమెరికా వెళ్లిన తల్లిదండ్రులకు అక్కడ ఇంగ్లీషు మాటలతో పరీక్ష చేస్తే తక్కువగా వచ్చిన శాతం చెవిది కాకుండా భాషది కావచ్చు. నిశ్శబ్దమైన గదిలో అన్నీ బాగానే ఉన్నాయని తేలినవారు కూడా పెళ్లి భోజనాల దగ్గర పక్కవాడి మాట అందక అవస్థపడడం ఉంది. వారికి రొద మధ్య మాటలు వినిపించే పరీక్ష చేస్తే తప్ప ఆ అవస్థ కాగితానికి ఎక్కదు, అడగనిదే ఆ పరీక్ష చేసే చోట్లు తక్కువ.

బటన్ నొక్కలేని పసిబిడ్డలకు మరో దారి ఉంది. ఆరోగ్యంగా ఉన్న కర్ణావర్తం తాను విన్న శబ్దానికి జవాబుగా అతి సన్నని ధ్వనిని వెనక్కి పంపుతుందని ఇంగ్లండుకు చెందిన డేవిడ్ కెంప్ 1978లో కనిపెట్టాడు, దాన్ని పట్టుకునే ఓఏఈ పరీక్ష నిద్రపోతున్న బిడ్డకు కొద్ది నిమిషాలలో పూర్తవుతుంది. అందులో సందేహం మిగిలితే, నుదుటి మీదా చెవుల వెనకా ఎలక్ట్రోడ్లు అంటించి శబ్దానికి శ్రవణ నాడి, మెదడు కాండం ఇచ్చే విద్యుత్ ప్రతిస్పందనను నమోదుచేసే బెరా పరీక్ష చేస్తారు. నెలలోపు తొలి పరీక్ష, మూడు నెలలలోపు నిర్ధారణ, ఆరు నెలలలోపు చికిత్స అన్నది ప్రపంచమంతటా ఒప్పుకున్న గడువు. చప్పట్లు కొడితే తిరిగి చూస్తున్నాడు కదా అని ఊరడించుకోవడం ప్రమాదకరం; చప్పట్లు చాలా పెద్ద శబ్దం, చేతి నీడ కదిలినా, గాలి తగిలినా బిడ్డ తల తిప్పుతాడు.

శాతం అన్న మాట చట్టబద్ధంగా ప్రవేశించేది వైకల్య ధ్రువీకరణ దగ్గర. 2016 నాటి దివ్యాంగుల హక్కుల చట్టం రెండు చెవులలోనూ మాటల పౌనఃపున్యాల దగ్గర 70 డెసిబెల్‌ల లోపం ఉన్నవారిని బధిరులుగా, 60 నుంచి 70 మధ్య ఉన్నవారిని వినికిడి మందగించినవారుగా గుర్తిస్తుంది. రెండు తెలుగు రాష్ట్రాలలో సదరం శిబిరాలలో వేసే శాతం లెక్కలో మంచి చెవికి ఐదు వంతులు, చెడ్డ చెవికి ఒక వంతు ప్రాధాన్యం ఉంటుంది. ఆ లెక్కన ఒక చెవి పూర్తిగా పోయి మరో చెవి మామూలుగా ఉన్న మనిషికి సుమారు 17 శాతమే వస్తుంది, ప్రయోజనాలకు అవసరమైన 40 శాతానికి అది చాలా దూరం. రోడ్డు దాటుతున్నప్పుడు హారన్ ఏ వైపు నుంచి వస్తుందో తెలియని ఇబ్బంది, చెడ్డ చెవి వైపు కూర్చున్నవారి మాట అందని ఇబ్బంది ఈ లెక్కలో సరిగా తూగవు. అవి సూత్రానికి ఉన్న హద్దులు, పరీక్ష చేసినవారి తప్పు కాదు.

ఫోన్‌లో చేసుకునే పరీక్షలను పూర్తిగా తోసిపుచ్చనక్కరలేదు. స్వరాలు వినిపించి ఆడియోగ్రామ్ గీసే యాప్‌లు ఆ ఫోన్‌కూ ఆ హెడ్‌ఫోన్‌కూ ప్రత్యేకంగా సరిచూసినవి కాకపోతే వాటి అంకెలకు విలువ తక్కువ. రొద మధ్య అంకెలను వినిపించి గుర్తుపట్టమనే పద్ధతి మాత్రం శబ్దానికీ రొదకూ మధ్య నిష్పత్తి మీద ఆధారపడుతుంది కాబట్టి ఏ హెడ్‌ఫోన్‌తోనైనా ఓ మాదిరిగా పనిచేస్తుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో విడుదల చేసిన హియర్‌డబ్ల్యూహెచ్‌ఓ యాప్ ఈ పద్ధతిదే. అది డాక్టరు దగ్గరకు వెళ్లాలా వద్దా అని చెప్పగలదు, అంతకుమించి అడగకూడదు.

కొన్ని సందర్భాలలో పరీక్షను వాయిదా వేయకూడదు. ఉదయం లేచేసరికి, లేదా రెండు మూడు రోజుల వ్యవధిలో, ఒక చెవి హఠాత్తుగా మూతపడ్డట్టయితే జలుబనుకుని చెవిలో నూనె పోసుకుంటూ కూర్చోకూడదు. నాడీ సంబంధమైన లోపం అలా వచ్చి ఉంటే స్టెరాయిడ్ చికిత్స మొదటి రోజులలోనే ఎక్కువ ఫలితమిస్తుంది, రెండు వారాలు దాటితే ఆశ బాగా సన్నగిల్లుతుంది. హైదరాబాద్ కోఠీలోనూ విశాఖపట్నంలోనూ ఉన్న ప్రభుత్వ ఈఎన్‌టీ ఆసుపత్రులు ఇలాంటివారు వెంటనే వెళ్లవలసిన చోట్లు. క్షయకు అమికాసిన్ వంటి ఇంజెక్షన్లు, క్యాన్సర్‌కు సిస్‌ప్లాటిన్ మొదలుపెట్టేవారు మందుకు ముందే ఒక ఆడియోగ్రామ్ తీయించుకోవాలి, ఆ మందులు చేసే నష్టం 8,000 హెర్ట్జ్‌కు పైన మొదలవుతుంది కనుక వీలైతే ఆ పై పౌనఃపున్యాలనూ చూడమని అడగాలి. మిల్లులలో, క్వారీలలో, ప్రెస్సులలో, బ్యాండుమేళాలలో పనిచేసేవారి గీతలో 4,000 హెర్ట్జ్ చుట్టుపక్కల ఒక గుంట పడి 8,000 దగ్గర మళ్లీ కొంత లేస్తుంది. మాట వినడంలో తేడా ఇంకా తెలియకముందే ఈ గుంట కనిపిస్తుంది, కాని అది కొత్తదో పాతదో చెప్పాలంటే పనిలో చేరిన రోజుల నాటి కాగితం చేతిలో ఉండాలి. రెండు కాగితాలను పోల్చేటప్పుడు ఒకే పౌనఃపున్యం దగ్గర 5 డెసిబెల్‌ల తేడాను పట్టించుకోనక్కరలేదు, అది కొలతలో సహజంగా వచ్చే ఊగిసలాట. 2,000, 3,000, 4,000 హెర్ట్జ్‌ల సగటు 10 డెసిబెల్‌లు, అంతకుమించి దిగజారితే వినికిడి నిజంగానే మారినట్టు భావించి, కొద్దిరోజుల విశ్రాంతి తర్వాత మరోసారి పరీక్ష చేయించి, అప్పటికీ అలాగే ఉంటే ఆ శబ్దం నుంచి చెవిని కాపాడే ఏర్పాటు కోసం యాజమాన్యాన్ని లిఖితపూర్వకంగా అడగాలి.